మీ ఒంట్లోని గడియారం సరిగా నడుస్తోందా?

"సార్, వీనికి రాత్రి మూడు గొట్టినా నిద్ర వస్తలేదంట. పొద్దుగాల పదైనా లేస్తలేడు. క్లాసుల కూసుండి తూగుతుండంట. ఏదన్న మంచి నిద్రగోలి రాయుండ్రి. పరీక్ష రెండు నెల్లే ఉన్నది."

ఇలా అంటూ ఒక తండ్రి ఇరవై రెండేళ్ళ కొడుకును వెంటబెట్టుకుని నా దగ్గరకు వచ్చాడు. వాళ్ళది మిర్యాలగూడ దగ్గర పల్లెటూరు. కుర్రవాడు సర్కారు ఉద్యోగం పరీక్షల కోసం దిల్‌సుఖ్‌నగర్‌లో హాస్టలులో వుండి కోచింగు తీసుకుంటున్నాడు. తండ్రి రెండెకరాలు కౌలుకిచ్చి ఆ డబ్బుతో చదివిస్తున్నాడు. "ఇంటికాడ ఉన్నప్పుడు నాకంటే ముందు లేస్తుండె. పట్నమొచ్చినంక సోమరి అయిండు" అని ఆయన బాధ. కొడుకు తలవంచుకుని వింటున్నాడు.

కుర్రవాణ్ణి పరీక్ష చేశాను. రక్తపోటు, నాడి, రక్తం అన్నీ బాగానే వున్నాయి. థైరాయిడ్ జబ్బు లేదు. రూములోని స్నేహితుడు ఇచ్చిన నిద్రమాత్రలు మాత్రం నాలుగు రోజులు వేసుకున్నాడట. వాటితో రాత్రి నిద్ర వచ్చినా మరునాడు మధ్యాహ్నం దాకా తల దిమ్ముగా వుండి, చదివింది ఒక్క ముక్కా గుర్తు లేదన్నాడు. ఆ మాత్ర పేరు అడిగితే ఆల్ప్రజోలం అని తేలింది. మన పల్లెల్లో కల్తీకల్లులో కలిపేది కూడా ఇదే మందు! దాని పేరు చెప్పగానే తండ్రి ముఖం మాడిపోయింది.

నేను ఆ కుర్రవాణ్ణి ఒక ప్రశ్న అడిగాను. "నిన్న పొద్దుటినుంచి సాయంత్రం దాకా ఎండ వెలుతురులో ఎంతసేపు వున్నావు బాబూ?"

అతను నవ్వాడు. "ఎండలనా సార్? రూముల నుంచి క్లాసుకు నడిచినంతసేపు. ఐదు నిమిషాలుంటదేమో."

రోగం అక్కడే దొరికింది.

దిల్‌సుఖ్‌నగర్, చైతన్యపురి, కొత్తపేట వీధులు తెలిసినవారికి ఆ కుర్రవాడి గది ఎలా వుంటుందో నేను వర్ణించనక్కర లేదు. మూడో అంతస్తులో నాలుగు మంచాలు, ఒక ట్యూబులైటు. వున్న ఒక్క కిటికీ తీస్తే చేతికందే దూరంలో పక్క బిల్డింగు గోడ. పగలైనా లైటు వేసుకోవలసిందే. కోచింగు హాలులో తెరలు దించి, ఏ.సి. వేసి, గోడమీద తెరపై బొమ్మలు చూపుతారు. అక్కడినుంచి బయటపడేసరికి సాయంత్రం ఆరు దాటుతుంది. అప్పుడు మొదలవుతుంది అసలు వెలుతురు! బట్టల దుకాణాలు, నగల దుకాణాలు, టిఫిన్ బండ్లు, రోడ్డుమీద తెల్లటి ఎల్.ఇ.డి. దీపాలు. రాత్రి పదకొండు దాకా పట్టపగల్లా వుంటుంది. తర్వాత మళ్ళీ గది, తలమీద ట్యూబులైటు, రెండింటి దాకా పుస్తకం, ఆపైన సెల్‌ఫోను. అంటే ఆ కుర్రవాడికి పగలు చీకటి, రాత్రి వెలుతురు అన్నమాట. పాపం, ఒంట్లోని గడియారం ఏమని అర్థం చేసుకోవాలి?

చింతచెట్టు చెప్పిన సంగతి

ఒంట్లో గడియారమేమిటి అని మీరు అడగవచ్చు. చింతచెట్టును చూడండి. పొద్దు గుంకేసరికి దాని ఆకులు జంటలు జంటలుగా ముడుచుకుంటాయి, తెల్లవారగానే విప్పుకుంటాయి. ఇది మన పల్లెల్లో పశువులు కాసే పిల్లవాడికి కూడా తెలుసు. క్రీస్తుకు పూర్వం 4వ శతాబ్దంలో అలెగ్జాండరు నౌకాదళంలోని ఆండ్రొస్తెనీస్ అనే గ్రీకు, నేటి బహ్రెయిన్ దీవిలో ఈ చింతాకు సంగతి గమనించి రాసిపెట్టాడు. అయితే ఆకులు ఎండను చూసి విప్పుకుంటున్నాయా, లేక వాటికే వేళ తెలుసా? 1729లో ద్ మెరాన్ అనే ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు అత్తిపత్తి జాతి మొక్కను చీకటిలో పెట్టి చూశాడు. వెలుతురు సోకకపోయినా వేళకు ఆకులు విప్పింది, వేళకు ముడిచింది! కనుక గడియారం మొక్కలోనే వుంది.

మనిషిలో కూడా వుంది. 1962లో మిషెల్ సిఫ్ర్ అనే ఇరవై మూడేళ్ళ ఫ్రెంచి యువకుడు చేతి గడియారం లేకుండా ఆల్ప్స్ పర్వతాల్లోని ఒక గుహలోకి దిగి రెండు నెలలు ఒంటరిగా వున్నాడు. నిద్ర వచ్చినప్పుడు పడుకున్నాడు, మెలకువ వచ్చినప్పుడు లేచాడు. పైకి తీసినప్పుడు తేదీ ఎంతనుకుంటున్నావని అడిగితే ఆగస్టు 20 అన్నాడు. కాని ఆ రోజు సెప్టెంబరు 14! లెక్కలో ఇరవై అయిదు రోజులు తప్పాడుగాని, అతని నిద్రా మెలకువలు మాత్రం ఇంచుమించు ఇరవై నాలుగు గంటలకొకసారి తిరుగుతూనే వచ్చాయి. మన దేశంలో ఇలాంటి పరిశోధనలు మదురై కామరాజ్ విశ్వవిద్యాలయంలో ఎం.కె. చంద్రశేఖరన్ గారి ఆధ్వర్యంలో జరిగాయి. బయటి వెలుతురూ, చప్పుడూ చేరని గదిలో మనుషులను రోజుల తరబడి వుంచి వాళ్ళ నిద్రను, మెలకువను లెక్కకట్టారు.

ఇక్కడొక చిక్కు వుంది. ఈ గడియారం సరిగ్గా ఇరవై నాలుగు గంటలది కాదు. 1999లో అమెరికాలో చార్లెస్ సైస్లర్ బృందం జాగ్రత్తగా కొలిస్తే సగటున 24 గంటల 11 నిమిషాలని తేలింది. పదకొండు నిమిషాలే కదా అనుకోకండి. గోడగడియారం రోజుకు పదకొండు నిమిషాలు వెనకబడితే నెల తిరిగేసరికి అయిదు గంటలపైన తేడా వస్తుంది. ఎవరో ఒకరు రోజూ ముల్లు సరిచేయాలి. ఆ పని చేసేది వెలుతురు. అందులోనూ పొద్దుటి వెలుతురు.

గడియారం ఎక్కడ వుంది?

రెండు కళ్ళనుంచి వెనక్కి వెళ్ళే నరాలు మెదడు అడుగున ఒకచోట కలుసుకుంటాయి. సరిగ్గా దానిపైన బియ్యపు నూకంత కూడా లేని రెండు చిన్న ముద్దలున్నాయి. ఒక్కొక్కదానిలో సుమారు పదివేల నాడీకణాలు. దేహమంతటికీ పెద్ద గడియారం ఇదే. కాలేయం, గుండె, పేగులు, కండరాలు మొదలైనవాటిలో కూడా చిన్న గడియారాలున్నాయి. అవన్నీ ఈ పెద్దదాన్ని చూసి నడుస్తాయి. పగలు ఆకలి కావడం, తెల్లవారుజామున ఒళ్ళు చల్లబడటం, నిద్ర లేచేముందు రక్తపోటు పెరగడం, రాత్రి మూత్రం తక్కువ రావడం అన్నీ దీని ఏర్పాట్లే.

ఈ గడియారం లోపలి చక్రాలు ఎలా తిరుగుతాయో కనిపెట్టడానికి శాస్త్రజ్ఞులకు సాయపడింది పండ్లమీద ముసిరే సన్న ఈగ! కొత్తపేట పండ్ల మార్కెట్టు 2021లో బాటసింగారానికి తరలిపోయేదాకా ఆ దారిన నడిచిన వారందరికీ ఈ ఈగతో పరిచయమే. 1984లో ఆ ఈగలో గడియారపు జన్యువును విడదీసి, అది ఎలా పనిచేస్తుందో వివరించినందుకు జెఫ్రీ హాల్, మైకేల్ రాస్‌బాష్, మైకేల్ యంగ్ అనే ముగ్గురు అమెరికన్లకు 2017లో నోబెల్ బహుమానం వచ్చింది. ఒక ప్రోటీను రాత్రంతా కణంలో పోగవుతుంది. చాలినంత పోగయ్యాక తన తయారీని తనే ఆపేస్తుంది. తర్వాత నెమ్మదిగా కరిగిపోతుంది. మళ్ళీ తయారీ మొదలు. ఈ ఒక్క చుట్టు తిరగడానికి సుమారు ఒక రోజు పడుతుంది. అంతే గడియారం.

మరి వెలుతురు సంగతి దానికెలా తెలుస్తుంది? కంటిలో చూపు కోసం రెండు రకాల కణాలున్నాయని బడి పుస్తకాల్లో చదువుకున్నాం. ఇవి కాక మూడో రకం వున్నాయని 2002లో రుజువైంది. వీటికి బొమ్మలు కనబడవు. బయట పగలా, రాత్రా, వెలుతురు ఎంత అన్నది మాత్రమే ఇవి గడియారానికి కబురు చేస్తాయి. చూపు పూర్తిగా పోయిన అంధులలో కూడా కొందరికి ఈ కణాలు మిగిలివుంటాయి. అలాంటివారికి నిద్ర వేళకే వస్తుంది. అవి కూడా పోయినవారికి నిద్రవేళ రోజురోజుకూ జరిగిపోతూ వుంటుంది. ఈ కణాల్లోని రంగుపదార్థాన్ని మెలనాప్సిన్ అంటారు. ఆకాశపు నీలం దానికి బాగా పనిచేస్తుంది. ఒరిస్సాలో పుట్టి అమెరికాలో స్థిరపడ్డ సచ్చిదానంద పాండా దీని పనితీరును బయటపెట్టినవారిలో ఒకరు.

చీకటి పడ్డాక పెద్ద గడియారం పీనియల్ గ్రంథికి ఆజ్ఞ ఇస్తుంది. ఆ గ్రంథి మెలటోనిన్ అనే హార్మోనును రక్తంలోకి వదులుతుంది. మామూలుగా పడుకునే వేళకు సుమారు రెండు గంటల ముందు ఇది మొదలై, అర్ధరాత్రి దాటాక హెచ్చి, తెల్లవారేసరికి తగ్గిపోతుంది. 'రాత్రయింది' అని ఒళ్ళంతా చాటించే దండోరా ఇది. కంట్లో గట్టి వెలుతురు పడితే దండోరా ఆగిపోతుంది. (మెలటోనిన్‌ను 1958లో ఆరన్ లెర్నర్ అనే చర్మవైద్యుడు కనిపెట్టాడు, కప్ప చర్మాన్ని తెల్లబరచే పదార్థం కోసం వెతుకుతుంటే దొరికింది. మెలనాప్సిన్ కూడా 1998లో మొదట కప్ప చర్మంలోనే బయటపడింది. కప్పలకు మనం రెండుసార్లు ఋణపడ్డామన్నమాట!)

మన కన్ను చేసే మోసం

ట్యూబులైటు వేస్తే గది బాగానే వెలుగుతుంది కదా, అదీ వెలుతురే కదా అని ఆ తండ్రి అడిగాడు. చాలామంది అనుమానం ఇదే. మన చూపు తక్కువ వెలుతురుకు కూడా ఇట్టే సర్దుకుంటుంది కనుక ఇంటి లోపలికీ బయటికీ ఎంత తేడా వుందో తెలియదు. వెలుతురును లక్స్‌లలో కొలుస్తారు. మీటరు దూరంలో వున్న ఒక కొవ్వొత్తి కాంతి సుమారు ఒక లక్స్. పున్నమి వెన్నెల దానిలో పావు వంతు కూడా వుంటుందో వుండదో. హాస్టలు గదిలో ట్యూబులైటు కింద వందా రెండు వందలు. మంచి ఆఫీసులో మూడు నుంచి అయిదు వందలు. బయట మబ్బు పట్టిన రోజున కూడా కొన్ని వేలు. ఎండలో లక్ష దాకా! గదిలో వున్నవాడికీ మేడ ఎక్కినవాడికీ వెలుతురులో వందల రెట్లు తేడా. మన ఒంట్లో గడియారానికి పగలంటే వేలల్లో లెక్క. ట్యూబులైటు దానికి పగలుగా చాలదు, రాత్రిగా ఎక్కువ.

2022లో వివిధ దేశాల నిపుణులు కలిసి ఈ కణాలకు అందే వెలుతురును బట్టి ఒక లెక్క చెప్పారు: పగలు కంటి దగ్గర కనీసం 250, పడుకునే ముందు మూడు గంటలు 10కి మించకుండా, నిద్రలో 1కి మించకుండా వుండాలని. మన ఇళ్ళలో ఎంతమంది ఈ లెక్కకు సరిపోతారో మీరే చూసుకోండి.

అమెరికాలో 2013లో ఎనిమిదిమందిని ఒక వారంపాటు కొండల్లో గుడారాలు వేయించి వుంచారు. కరెంటు దీపం లేదు, బ్యాటరీ లైటు కూడా లేదు. సూర్యుడు, చలిమంట అంతే. వారం గడిచేసరికి వాళ్ళ ఒంట్లో గడియారాలు సుమారు రెండు గంటలు ముందుకు జరిగాయి. రాత్రి పిట్టలైన వాళ్ళు కూడా పెందలాడే నిద్రపోయి పెందలాడే లేచారు. ఇంటిదగ్గర తండ్రికంటే ముందు లేచిన కుర్రవాడు పట్నంలో ఎందుకు మారిపోయాడో ఇప్పుడు తెలిసిందా? అక్కడ బావి దగ్గరకు వెళ్ళినా, పాలు పిండినా పొద్దుటి ఎండ కళ్ళమీద పడేది. పైగా ఆ వయసులో, అంటే పదమూడు పద్నాలుగు మొదలు ఇరవై దాటేవరకు, గడియారం సహజంగానే కొంత వెనక నడుస్తుంది. దాన్ని సోమరితనం అని తిట్టడం అన్యాయం. ఈ మాట నేను ఆయనకు గట్టిగానే చెప్పాను.

ఆ పిల్లవాడికి నేను ఏమి రాశాను?

వెలుతురు మందులాంటిది. మోతాదు ఎంత ముఖ్యమో వేళ కూడా అంత ముఖ్యం. రాత్రి పొద్దుపోయాక పడ్డ వెలుతురు 'ఇంకా సాయంత్రమే' అని గడియారాన్ని వెనక్కి లాగుతుంది. నిద్ర లేచే వేళకు పడ్డ వెలుతురు దాన్ని ముందుకు తెస్తుంది. చాలామంది తల్లిదండ్రులు చేసే పొరపాటు ఒకటుంది. రాత్రి మూడింటికి పడుకునేవాణ్ణి మరునాడే అయిదింటికి లేపి కూచోబెడతారు. కాని వాడి ఒంటికి అప్పుడింకా నడిరాత్రి! ఆ వేళ వెలుతురు చూపిస్తే గడియారం మరింత వెనక్కి పోవచ్చు. కనుక మెల్లగా నడిపించాలి. పదింటికి లేచేవాడు మొదట తొమ్మిదిన్నరకు లేవాలి. లేవగానే బయటకు రావాలి. రెండేసి రోజులకు అరగంట చొప్పున వెనక్కి వెళ్ళాలి. ఆదివారం కూడా ఇదే వేళ. ఆదివారం మధ్యాహ్నం దాకా పడుకుంటే వారమంతా చేసింది వృథా.

బయట అరగంట నుంచి గంట. నడవవచ్చు, చదువుకోవచ్చు, పళ్ళు తోముకోవచ్చు. సూర్యుణ్ణి తేరిపార చూడకూడదు, కంటి రెటీనా కాలుతుంది. ఆకాశం కంటికి కనబడితే చాలు. చెట్టు నీడలో వున్నా, మబ్బు పట్టినా పనిచేస్తుంది. మన దగ్గర మే నెలలో పదింటి ఎండ ఎలా వుంటుందో తెలుసు కదా, అప్పుడు నీడపట్టునే వుండాలి. హైదరాబాదులో సూర్యోదయం జూన్ మొదట్లో 5.40 ప్రాంతంలో, జనవరిలో 6.48 ప్రాంతంలో అవుతుంది. (మన దేశపు గడియారాలన్నీ కాకినాడ పక్కగా పోయే రేఖను బట్టి నడుస్తాయి కనుక, సూర్యుడు హైదరాబాదుకు గడియారం చెప్పినదానికంటే సుమారు పదహారు నిమిషాలు ఆలస్యంగా వస్తాడు.) దగ్గరలో సరూర్‌నగర్ చెరువు వుంది, ఎల్.బి. నగర్ అవతల వుండేవారికి వనస్థలిపురం హరిణ వనస్థలి వుంది. అంత తీరిక లేకపోతే మెట్రోలో వెళ్ళేవారు ఒక స్టేషను ముందు, అంటే దిల్‌సుఖ్‌నగర్ వెళ్ళవలసినవారు చైతన్యపురిలో, దిగి నడిచినా ఫలితముంటుంది.

రాత్రి పది దాటాక తలమీది లైటు తీసేసి, గొడుగున్న టేబులు దీపం పుస్తకం మీద మాత్రమే పడేలా పెట్టుకొమ్మన్నాను. బల్బు పసుపు రంగుదైతే మంచిది. సెల్‌ఫోనును నేను పూర్తిగా దోషిని చేయను. దాని తెర వెలుతురు ట్యూబులైటుకంటే తక్కువే. పగలంతా మంచి వెలుతురులో వున్నవారిమీద రాత్రి తెర ప్రభావం తక్కువని కూడా పరిశోధనలో కనబడింది. అసలు నష్టం ఏమిటంటే అందులో ఒక బొమ్మ చూద్దామని మొదలుపెడితే ఒంటిగంట అవుతుంది! తోటివాళ్ళు లైటు వేసుకుని చదువుతుంటే కళ్ళకు నల్లగుడ్డ కట్టుకోవడం తప్ప మార్గం లేదు. మధ్యాహ్నం మూడు దాటాక టీ, కాఫీ వద్దన్నాను.

ఈ మధ్య మెలటోనిన్ బిళ్ళలు, చప్పరించే మిఠాయిలు కూడా షాపుల్లో అమ్ముతున్నారు. అది నిద్రమందు కాదు, వేళ చెప్పే మందు. తప్పు వేళకు వేసుకుంటే గడియారం తప్పు దిశలో జరుగుతుంది. డాక్టరును అడగకుండా వాడకండి.

మరొక అపోహ. పొద్దుటి లేత ఎండలో డి విటమిన్ దండిగా వస్తుందనుకుంటారు. డి విటమిన్ కోసం ఎండ చర్మంమీద పడాలి, అదీ మధ్యాహ్నానికి దగ్గరగా వున్న ఎండ. అద్దం చాటున కూచుంటే రాదు. గడియారం పని కంటి ద్వారా జరుగుతుంది. దానికి కిటికీ పక్కన కూచున్నా కొంత మేలు. ఒకటి చేస్తే రెండోది అయిపోయిందనుకోవద్దు.

నిద్ర లేకపోవడంతో పాటు ఏ పనిమీదా ఆసక్తి లేకపోవడం, అన్నం సయించకపోవడం, ఏడుపు రావడం రెండు వారాలు దాటితే అది వేరే సంగతి. వెలుతురు వైద్యం ఆ జబ్బుకు కూడా వాడతారు; 1984లో నార్మన్ రోజెంతాల్ శీతకాలపు దిగులుకు ఈ చికిత్సను వర్ణించారు. పదివేల లక్స్‌ల దీపం ముందు పొద్దున్నే అరగంట కూచోబెడతారు. కాని అది డాక్టరు చూస్తూ చేయవలసిన పని. మనసు ఒకసారి కుంగి ఒకసారి పొంగే జబ్బు వున్నవారికి, కంటి జబ్బులున్నవారికి సొంతవైద్యం ప్రమాదం. హాస్టళ్ళలో ఒంటరిగా కుమిలిపోయే పిల్లలకు ఒక మాట: చచ్చిపోవాలన్న ఆలోచన ఒక్కసారి వచ్చినా ఎవరికైనా చెప్పండి. టెలీ మానస్ అనే ప్రభుత్వ సహాయ కేంద్రానికి 14416 నంబరుకు రాత్రి పగలు ఎప్పుడైనా తెలుగులోనే మాట్లాడవచ్చు. డబ్బు కట్టనక్కర లేదు.

రాత్రి బస్సు తోలేవాళ్ళ మాటేమిటి?

ఎల్.బి. నగర్ చౌరస్తాలో రాత్రి పదింటికి నిలబడి చూడండి. సూర్యాపేట, ఖమ్మం, విజయవాడ, నెల్లూరు వెళ్ళే బస్సులు ఒకదాని వెనక ఒకటి. మనం సీటు వాల్చి పడుకుంటాం. బస్సు తోలే మనిషి ఒంట్లో గడియారం కూడా పడుకొమ్మనే చెబుతుంది. తెల్లవారుజామున మూడు నుంచి అయిదు మధ్య ఒంటి వేడి బాగా తగ్గి, చురుకుదనం అట్టడుగుకు పోతుంది. ఎంత అనుభవం వున్న డ్రైవరైనా ఆ వేళ రెప్పపాటు నిద్రలోకి జారవచ్చు. అలా జారిన సంగతి అతనికే తెలియదు! బస్సు ఆ రెండు మూడు సెకన్లలో చాలా దూరం పోతుంది.

వాళ్ళకు నేను చెప్పేది ఇది. డ్యూటీకి వెళ్ళే రోజు మధ్యాహ్నం చీకటి గదిలో గంటన్నర పడుకోండి. దారిలో రెప్పలు బరువెక్కితే పాట పెట్టడం, ముఖం కడగడం కొద్ది నిమిషాలకే పనిచేస్తాయి. బస్సు భద్రమైన చోట ఆపి ఒక టీ తాగి, ఇరవై నిమిషాలు కునుకు తీయండి. లేచేసరికి టీ పనిచేయడం మొదలవుతుంది. ప్రయాణీకులు విసుక్కుంటారేమో, విసుక్కోనివ్వండి. డ్యూటీ దిగి ఇంటికి వచ్చేటప్పుడు నల్లకళ్ళద్దాలు పెట్టుకుంటే పొద్దుటి ఎండ గడియారాన్ని లేపదు. నిద్రమత్తు వుంటే సొంతంగా బండి నడపకుండా బస్సులోనో, మెట్రోలోనో వెళ్ళండి.

ఇంట్లో ఆడవాళ్ళకు కూడా ఒక మనవి. ఆ మనిషి పగలు పడుకుంటే కిటికీకి దళసరి దుప్పటి కట్టండి. ఆ నాలుగైదు గంటలూ కాలింగ్ బెల్లు నొక్కేవాళ్ళను, చీటీ డబ్బుల కోసం వచ్చేవాళ్ళను గుమ్మంలోనే ఆపండి. రాత్రి డ్యూటీలు ఏళ్ళ తరబడి చేసేవారికి మధుమేహం, గుండెజబ్బు వచ్చే అవకాశం ఎక్కువని తేలింది. ప్రపంచ ఆరోగ్య సంస్థకు చెందిన కేన్సరు పరిశోధన సంస్థ 2007లోనూ, మళ్ళీ 2019లోనూ రాత్రి షిఫ్టు పనిని 'బహుశా కేన్సరు కారకం' అనే జాబితాలో వుంచింది. భయపడమని కాదు, ఏడాదికొకసారి రక్తంలో చక్కెర, రక్తపోటు చూపించుకొమ్మని చెబుతున్నాను. షిఫ్టులు మార్చే అధికారం చేతిలో వున్నవారు ఉదయం, మధ్యాహ్నం, రాత్రి అనే వరుసలో ముందుకు మార్చండి. మన గడియారం సహజంగా వెనకబడేది కనుక పొద్దుపోయి పడుకోవడం సులువు, ముందుగా పడుకోవడం కష్టం.

పెద్దవాళ్ళను గురించి కొంచెం. వయసు పెరిగేకొద్దీ కంటిలోని కటకం పసుపెక్కుతుంది, పాప చిన్నదవుతుంది. నీలం వెలుతురు లోపలికి సరిగా పోదు. శుక్లాలుంటే మరీను. పూర్వం ముసలివాళ్ళు పొద్దున్నే వీధి అరుగుమీద కూచునేవారు. ఇప్పుడు ఫ్లాటులో టి.వి. ముందు పగలంతా జోగుతారు, రాత్రంతా ఇల్లు తిరుగుతారు. 'మా అత్తయ్య రాత్రి నిద్రపోనివ్వడం లేదు' అని వనస్థలిపురం నుంచి వచ్చిన కోడలికి నేను చెప్పిన వైద్యం ఒక కుర్చీ. టిఫినుకు ముందు గంటసేపు బాల్కనీలో వేయడం. శుక్లాలు తీయించాక కొందరికి చూపుతో పాటు నిద్ర కూడా బాగుపడుతుంది.

ఇంతకూ మన కుర్రవాడి సంగతి. మూడు వారాల తర్వాత ఒక్కడే వచ్చాడు. ఇప్పుడు పన్నెండుకు నిద్రపడుతోందట, ఏడున్నరకు లేస్తున్నాడు. క్లాసులో తూగు తగ్గింది. పూర్తిగా పోలేదు, భోజనం తర్వాత క్లాసులో ఇప్పటికీ కళ్ళు మూతపడతాయట. అది అందరికీ వుండేదేనని చెప్పాను. రూములోని మిగతా ముగ్గురిలో ఇద్దరు అతనితో పాటు మేడమీదికి వచ్చి చదువుకుంటున్నారు.

"ఒక్కటే ఇబ్బంది సార్" అన్నాడు. "మా వార్డెను మేడ తలుపుకు తాళమేస్తడు. ఎనిమిదింటి దాంక తియ్యడు. ఎవరన్న దూకుతరేమో, బట్టలు పోతయేమో అని భయం."

వార్డెను భయంలో తప్పు లేదు. అందుకని మందుల చీటీ తీసి, పైన కుర్రవాడి పేరు రాసి, కింద ఇలా రాసిచ్చాను: "ఉదయం 6 నుంచి 7.30 వరకు మేడ తలుపు తీసి, ఒక మనిషిని కాపలా వుంచవలెను. రోజూ ఒకసారి, పరీక్షలు అయ్యేవరకు."